ఆ కిటికీ మీద వడ్రంగి పేరుంది

సంపాదకులు గారికి నమస్కారం.

మీ ఆదివారం అనుబంధంలో ఇంగ్లండ్‌లోని పాత ఇళ్ల ఫొటోలతో ఒక పేజీ వేశారు. ఫొటోలు చాలా బాగున్నాయి. అయితే చెషైర్‌లోని లిటిల్ మోర్టన్ హాల్ ఫొటో కింద ‘ఏ క్షణాన కూలుతుందో అనిపించే వంకర ఇల్లు’ అని ఒక్క వాక్యం రాసి ఊరుకున్నారు. ఆ ఇంటిని ఎవరు కట్టారు, దేనితో కట్టారు, ఎందుకు ఒరిగింది, అంత ఒరిగాక కూడా ఎలా నిలబడింది అన్న సంగతులు ఒక్కటీ లేవు. చదివినవాళ్లు నవ్వుకుని పేజీ తిప్పేసి ఉంటారు. అది నాకు కష్టంగా అనిపించింది.

మాది పాలకొల్లు దగ్గర పల్లెటూరు. మా తాతగారు, నాన్నగారు వడ్రంగులు. నేను ఒక ఐటీఐలో వడ్రంగం నేర్పి రిటైరయ్యాను. మా అమ్మాయి మాంచెస్టర్ దగ్గర ఆసుపత్రిలో పనిచేస్తోంది. ఆమె దగ్గర ఉన్న రోజుల్లో ఈ ఇంటిని చూశాను. ఒకసారి చూశాక మళ్లీ తీసుకెళ్లమని అడిగి మరీ చూశాను. అందుకే ఉత్తరం కాస్త పొడుగైంది, మన్నించండి. వీలైతే కోయకుండా వేయండి.

ముందుగా, ఇది రాజుగారి కోటా కాదు, ప్రభువుల ప్యాలెసూ కాదు. ఇంగ్లండ్‌లో మ్యానర్ హౌస్ అంటే ఆ ఊళ్లో భూములున్న ఆసామి ఇల్లు. చుట్టూ పొలాలు, కౌలుదార్లు, మిల్లు, తోటలు ఉండేవి. వాటి లెక్కాజమా అంతా ఆ ఇంట్లోనే నడిచేది. లిటిల్ మోర్టన్ హాల్ కాంగిల్టన్ అనే ఊరికి నైరుతిగా నాలుగున్నర మైళ్ల దూరంలో ఉంది. దాని యజమానులు మోర్టన్ కుటుంబం. 1348లో ఇంగ్లండ్‌ను తాకిన ప్లేగులో జనం కుప్పలుగా చనిపోయాక భూముల ధరలు పడిపోయాయి. ఆ తర్వాతి కాలంలో వీళ్లు చవగ్గా భూమి కొంటూ పెరిగారు. ఎనిమిదో హెన్రీ రాజు క్రైస్తవ మఠాలను మూయించి వాటి ఆస్తులు లాగేసుకున్నప్పుడు మళ్లీ కొన్నారు. 16వ శతాబ్దం మధ్యకల్లా వాళ్ల కింద సుమారు 1,360 ఎకరాలు ఉన్నాయి. నీటితో తిరిగే మిల్లులు మూడు ఉండేవి. ఒకటి పిండి మర. మిగతా రెండూ వాళ్ల ఇనుప కొలిమిలో సమ్మెటలు ఎత్తి వేయడానికి. ఇంటి మీద అంత డబ్బు ఎలా పోయగలిగారో ఇప్పుడు తెలుస్తుంది.

ఇంటి చుట్టూ 33 అడుగుల వెడల్పున అగడ్త ఉంది. అగడ్త అనగానే యుద్ధం గుర్తొస్తుంది గానీ, ఇక్కడ దాన్ని రక్షణ కోసం వాడినట్టు ఆధారమేమీ లేదు. ఇంకా పాత ఇల్లు ఏదో ఆ చోట ఉన్నప్పుడు, 13వ శతాబ్దంలోనో 14వ శతాబ్దంలోనో, దాని చుట్టూ తవ్వించి ఉంటారని అంటారు. అగడ్త ఉంటే ఆసామికి ఊళ్లో ఒక దర్జా. రాతి వంతెన దాటితే ముందు ప్రవేశ ద్వారపు మేడ వస్తుంది. దాని పై అంతస్తులు కింది అంతస్తు కంటే ముందుకు పొడుచుకొచ్చి ఉంటాయి. లోపల గులకరాళ్లు పరిచిన ముంగిలి, దానికి మూడు వైపులా గదులు. నాలుగు వైపులా గదులు, మధ్యలో ఆకాశం ఉండే మండువా ఇళ్లు ఎరిగినవాణ్ణి కాబట్టి, ఆ ముంగిట్లో నిలబడ్డప్పుడు పరాయి చోట ఉన్నట్టే అనిపించలేదు.

ఈ ఇల్లు ఒకేసారి కట్టింది కాదు. ఎదురుగా కనిపించే గ్రేట్ హాల్, అంటే పెద్ద సావిడి, 1504-08 మధ్య విలియం మోర్టన్ కట్టించాడు. అప్పట్లో దానికి మట్టి నేల, దాని మీద పరిచిన తుంగ, మధ్యలో నెగడు. తూర్పు వైపు గదులు కూడా ఆయన కాలంలోవే. 1546లో ఆయన కొడుకు, ఆయన పేరూ విలియమే, పడమటి భాగాన్ని మార్చి కట్టించాడు. మనవడు జాన్ 1560-62 ప్రాంతంలో దక్షిణపు వైపు లేపాడు. చివరగా సుమారు 1610లో ఒక వంటిల్లు, బీరు కాచే గది కలిశాయి. అంటే నూరేళ్లకు పైగా పని సాగింది. ఏ తరం ముందు తరం కట్టినదాన్ని పడగొట్టి మొత్తం ఒకే తీరుకు తేలేదు. పక్కన అతికిస్తూ పోయారు. ఫొటోలో మీకు ‘వంకర’గా కనబడిన దాంట్లో కొంత ఇదే. ఏ రెండు మూలలూ ఒకలా ఉండవు.

ఇక కలప పని. నా చేతికి తెలిసింది ఇదే కాబట్టి కాస్త వివరంగా రాస్తాను.

ఇల్లంతా ఓక్ కలప. రాతి పునాది వరస మీద అడ్డంగా ఒక దూలం పడుతుంది. దాని మీద స్తంభాలు నిలుస్తాయి. స్తంభాల మీద మళ్లీ దూలాలు, వాటి మధ్య నిలువు కమ్ములు, ఏటవాలు ఊతలు ఉంటాయి. బరువు మోసేది ఈ చట్రమే, గోడ కాదు. గోడ అనిపించేది చట్రం మధ్య ఖాళీలను పూడ్చిన తడిక. సన్నటి కర్రలు అల్లి, మట్టి మెత్తి, పైన సున్నం పూస్తారు. ఈ పని మన పల్లెల్లో ఎవరికీ కొత్తగా చెప్పక్కర్లేదు.

నన్ను ఆశ్చర్యపరిచింది పచ్చి కలప సంగతి. మా దగ్గర టేకును ఎండబెట్టి, ఇక కదలదు అనుకున్నాక గానీ పని మొదలుపెట్టం. పచ్చి కర్ర మీద ఉలి పెడితే నాన్నగారు తిట్టేవారు. ఆ రోజుల్లో ఇంగ్లిషు వడ్రంగులు మాత్రం ఓక్‌ను పచ్చిగా ఉండగానే కోసేవారు. ఎండితే ఓక్ చేవ ఎంత గట్టిపడుతుందంటే, ఉలి, బాడిత నోళ్లు పోతాయి. పచ్చిగా ఉండగానే ఒక దుంగలో గాడి తొలిచి, రెండో దుంగ చివర నాలుకలా చెక్కి, అందులోకి దించుతారు. పైనుంచి అడ్డంగా ఓక్ చీల కొడతారు. ఇక్కడే ఒక కిటుకుంది. రెండు దుంగల్లోనూ చీల కోసం వేసే రంధ్రాలను సరిగ్గా ఒకదానికొకటి ఎదురుగా వేయరు. వెంట్రుకవాసి పక్కకు వేస్తారు. చీల దిగుతున్నకొద్దీ రెండు ముక్కలనూ దగ్గరకు లాగి బిగిస్తుంది. తర్వాత ఏళ్ల తరబడి కలప ఎండి, కుంచించుకుని, మెలి తిరుగుతుంటే అతుకు ఇంకా బిగుస్తుంది తప్ప వదలదు. ఇనుప మేకుతో పనిలేదు.

చట్రాన్ని ముందు నేల మీద పరిచి, అతుకులన్నీ సరిచూసుకుని, ఏ ముక్క ఎక్కడిదో తెలిసేలా ఉలితో గాట్లు పెట్టుకుని, విడదీసి తీసుకెళ్లి నిలబెట్టేవారు. ఆ రోజుల్లో ఇంగ్లండ్‌లో ఇలాంటి ఇళ్లన్నిటికీ ఇదే పద్ధతి. మా తాతగారు కూడా వాసాలను నేల మీద పేర్చుకుని, గుర్తులు పెట్టుకుని, తర్వాతే పైకి ఎక్కించేవారు. ఎక్కడి గోదావరి, ఎక్కడి చెషైర్! ఒకరిని చూసి ఒకరు నేర్చుకునే అవకాశమే లేదు. పని అడిగింది కాబట్టి ఇద్దరూ అదే దారికి వచ్చారు.

ఈ చట్రం వల్లే ఆ ఇల్లు ఒరగగలిగింది, ఒరిగి నిలబడగలిగింది కూడా. నులక మంచం ఒక కోడు గుంటలో దిగితే మంచమంతా ఆ పక్కకు వాలుతుంది గానీ విరగదు. ఇటుక గోడ కింద నేల కుంగితే నిలువునా బీట కొడుతుంది. చెక్క చట్రం మాత్రం కుంగిన మేర సర్దుకుని, ఆ బరువును పక్క స్తంభానికి అందిస్తుంది. మీరు ‘వంకర’ అన్నది నిజమే. కానీ ఆ వంకర అయిదు శతాబ్దాల బరువు ఎటునుంచి ఎటు ప్రయాణించిందో చూపించే గుర్తు. చదవడం తెలిసినవాడికి అందులో ఇంటి కథంతా ఉంది.

గోడల మీద నలుపు తెలుపు గళ్లు చూసి అందరూ ముచ్చటపడతారు. చేప ముల్లు ఆకారంలో ఏటవాలు కమ్ములు, నాలుగు రేకుల పూల ఆకారాలు, వాటి మధ్య తెల్లటి సున్నం. బలానికి కావలసిన దానికంటే చాలా ఎక్కువ కలప ఇందులో ఉంది. అదంతా డాబు కోసమే. ఇంత ఓక్ నా దగ్గరుంది అని దారిన పోయేవాడికి చెప్పడం. అయితే ఇంత నల్లటి నలుపు అప్పటిది కాదు. ఆ కాలంలో ఓక్‌ను రంగు వేయకుండా వదిలేస్తే ఎండకూ వానకూ అదే బూడిద రంగుకు తిరిగేది. ఇలాంటి ఇళ్లకు నల్లరంగు పూసే మోజు 19వ శతాబ్దంలో వ్యాపించింది. మంచి కలపను రంగు కింద కప్పేయడం నాకు నచ్చదు. అక్కడా నచ్చలేదు.

ఇప్పుడు అసలు విషయానికి వస్తాను. ముంగిట్లో నిలబడి గ్రేట్ హాల్ వైపు చూస్తే రెండు పెద్ద కిటికీలు గోడలోంచి ముందుకు పొడుచుకొచ్చి ఉంటాయి. ఒక్కొక్కటీ పలుముఖాలుగా, అంతస్తు మీద అంతస్తుగా లేస్తుంది. రెండూ ఎంత దగ్గరగా ఉన్నాయంటే పైన వాటి కప్పుల అంచులు ఒకదాన్నొకటి తాకుతాయి. ఆ కిటికీల మీద చెక్కలో అక్షరాలు చెక్కి ఉన్నాయి. మా అమ్మాయి చదివి చెప్పింది. సర్వంలోనూ సర్వం దేవుడేనని, ఈ కిటికీలను విలియం మోర్టన్ 1559లో చేయించాడని మొదటి వాక్యం. ఇది యజమాని మాట. డబ్బు పెట్టినవాడి పేరు ఎక్కడైనా ఉంటుంది.

దాని కిందే ఇంకో వాక్యం ఉంది. వడ్రంగి రిచర్డ్ డేల్ దేవుడి దయతో ఈ కిటికీలు చేశాడు, అని.

“నాన్నా, పదండి, లోపలికి వెళ్దాం” అని మా అమ్మాయి పిలుస్తున్నా నాకు కదలబుద్ధి కాలేదు. ఆసామి పేరుకు ఏ మాత్రం తగ్గకుండా, అదే కిటికీ మీద, అదే సైజు పనితనంతో వడ్రంగి పేరు! 1559 అంటే మొదటి ఎలిజబెత్ గద్దెనెక్కిన మరుసటి ఏడాది. అప్పటి నుంచి ఆ ముంగిట్లోకి అడుగుపెట్టిన ప్రతివాడూ తలెత్తితే ఆ పేరు కనిపిస్తుంది. విలియం మోర్టన్ ఒప్పుకోకపోతే ఆ అక్షరాలు అక్కడ పడవు. ఆ ఆసామి మీద నాకు గౌరవం కలిగింది అక్కడే. రిచర్డ్ డేల్ మీద కలిగింది గౌరవం కంటే పెద్దది. చెక్కిన వాడు తన పనిని తానే ఎలా చూసుకున్నాడో ఆ వాక్యం చెబుతోంది. చేసింది నేను, చేయించింది దేవుడు అనుకున్నాడు. మా ఇంట్లో పని మొదలుపెట్టే ముందు పనిముట్లకు దండం పెట్టేవాళ్లం. ఆ భావం నాకు అర్థం కాకపోవడానికి ఏమీ లేదు.

కిటికీల అద్దాల గురించి కూడా చెప్పాలి. ఆ రోజుల్లో పెద్ద పలకలుగా అద్దం చేయడం చేతకాదు కాబట్టి చిన్నచిన్న ముక్కలను సీసపు పట్టీల్లో బిగించేవారు. ఈ ఇంట్లో అలాంటి ముక్కలు 30,004 ఉన్నాయని లెక్కపెట్టారు. చతురస్రాలు, గుండ్రాలు, త్రికోణాలు, వజ్రాకారపు గళ్లు, ఒక్కో కిటికీకి ఒక్కో అల్లిక. అద్దం అప్పట్లో చాలా ఖరీదు. కలపతో చూపించిన డాబునే కిటికీలతోనూ చూపించారు. కానీ ఈ డాబు వల్ల సావిడిలోకి వచ్చే వెలుతురు చూస్తే ఎంత ఖర్చయినా తప్పులేదనిపిస్తుంది.

మీ ఫొటోలో అన్నిటికంటే వంకరగా కనబడే భాగం దక్షిణం వైపు మూడో అంతస్తు. దాన్ని లాంగ్ గ్యాలరీ అంటారు. 68 అడుగుల పొడవున్న ఒకే గది. ఈ చివరి నుంచి ఆ చివరి దాకా రెండు పక్కలా కిటికీలే. వాన పడే రోజుల్లో ఇంట్లోవాళ్లు అందులో అటూ ఇటూ నడిచేవారట, ఆటలాడేవారట. గోడకు కొట్టిన చెక్క పలకల వెనక 17వ శతాబ్దం మొదటి నాటి టెన్నిస్ బంతులు నాలుగు దొరికాయి. చెషైర్ వానలు చూశాక ఆ గది ఎందుకు కావలసి వచ్చిందో నాకు బాగా అర్థమైంది.

ఈ గ్యాలరీ మొదటి ప్లాన్‌లో లేదు, పని మొదలయ్యాక పుట్టిన ఆలోచన అని పరిశోధకులు భావిస్తారు. వడ్రంగి ఎవరైనా ఇది చదివితే తల పట్టుకుంటాడు. రెండంతస్తులకు సరిపోయేలా కట్టిన చట్రం మీద మూడోది ఎక్కించారు. దాని కప్పు చూస్తే పెంకులు కాదు, గ్రిట్‌స్టోన్ అనే రాతి పలకలు. ఆ రాళ్ల బరువంతా కింది అంతస్తుల మీద పడింది. పైగా రెండు పక్కలా కిటికీలే కావడంతో పక్కకు ఊగకుండా పట్టే ఏటవాలు ఊతలకు చోటు లేదు. దూలాలు వంగాయి, నేల అలల్లా లేచింది, గోడలు బయటికి వాలాయి. గ్యాలరీలో నడుస్తుంటే కంటికంటే ముందు పాదాలకు తెలుస్తుంది ఎత్తుపల్లం. ఒక స్తంభాన్ని నిమరబోతే మా అమ్మాయి “నాన్నా, ముట్టుకోకూడదంట” అని చెయ్యి పట్టుకుంది. అక్కడ స్వచ్ఛందంగా పనిచేసే ఒక పెద్దాయన అది చూసి దగ్గరకు వచ్చి, మీరు వడ్రంగా అని అడిగారు. తర్వాత చాలాసేపు ఇద్దరం అతుకుల గురించే మాట్లాడుకున్నాం. ఆయన ఇంగ్లిషు, నా తెలుగు, మధ్యలో మా అమ్మాయి.

ఆ గ్యాలరీ రెండు చివర్లా గోడ పైభాగంలో సున్నపు బొమ్మలు ఉన్నాయి. ఒక చివర అదృష్టదేవత తన చక్రంతో, రెండో చివర విధి తన గోళంతో. అదృష్టం అజ్ఞానం చేతిలో, విధి జ్ఞానం చేతిలో నడుస్తాయని పక్కన రాసి ఉంది. ఈ బొమ్మలను రాబర్ట్ రెకార్డ్ 1556లో అచ్చువేసిన ఖగోళశాస్త్ర పుస్తకంలోంచి తీసుకున్నారు. మనం లెక్కల్లో రాసే సమానం గుర్తును మొదట వాడింది ఈయనే. పుస్తకం వచ్చిన కొద్ది ఏళ్లకే ఒక పల్లెటూరి ఇంటి అటకంత ఎత్తుకు చేరింది. చదువంటే ఆ ఇంట్లో ఎంత మక్కువో చూడండి.

మిగతావి త్వరగా చెబుతాను. పడకగదుల పక్కన మరుగుదొడ్లున్నాయి, అవి నేరుగా అగడ్తలోకే. చిన్న ప్రార్థన గది ఒకటుంది. లిటిల్ పార్లర్ అనే గదిలో గోడకు కొట్టిన పలకల వెనక 1976లో 16వ శతాబ్దపు బొమ్మలు బయటపడ్డాయి. సుజానా అనే ఇల్లాలిపై పెద్దమనుషులు నింద మోపిన బైబిల్ కథ అది. అప్పటి సామాన్లలో మిగిలింది మూడే, భోజనాల పొడవాటి బల్ల, ఒక పెద్ద బీరువా, ఒక గుండ్రటి బల్ల.

సామాన్లు ఎందుకు మిగలలేదో తెలిస్తే ఇల్లు ఎందుకు మిగిలిందో తెలుస్తుంది. 1640లలో ఇంగ్లండ్‌లో రాజుకూ పార్లమెంటుకూ యుద్ధం వచ్చింది. మోర్టన్‌లు రాజు పక్షం. చుట్టుపక్కల పార్లమెంటు వైపువాళ్లే ఎక్కువ. 1643లో ఇంటిని స్వాధీనం చేసుకుని సైనికులను దింపారు. ఇల్లు తిరిగి దక్కింది గానీ అప్పులు మిగిలాయి, భూములు అమ్ముకున్నారు. 1670ల చివరికల్లా మోర్టన్‌లు అక్కడ ఉండటం మానేసి ఇంటిని కౌలు రైతులకు అద్దెకిచ్చారు. తర్వాతి రెండు వందల ఏళ్లలో ఇంగ్లండ్ అంతటా డబ్బున్న ఆసాములు ఇలాంటి చెక్క ఇళ్లను పడగొట్టి ఇటుకతో, రాతితో కొత్త ఫ్యాషన్‌లో కట్టుకున్నారు. మోర్టన్‌ల దగ్గర అందుకు డబ్బు లేదు. అందుకే ఇల్లు ఉన్నది ఉన్నట్టు మిగిలింది. ఎలా మిగిలిందంటే, 1847 నాటికి చాలా గదులు ఖాళీ. ప్రార్థన గదిలో బొగ్గులు పోసుకునేవారు.

ఆ కౌలు రైతుల్లో 1841లో వచ్చిన కుటుంబం నూరేళ్లకు పైగా ఉంది. వాళ్ల ఇంటిపేరు కూడా డేల్. చరిత్ర రాసేవాళ్లు యజమానుల వంశవృక్షం గీసి వీళ్లను ఒక వాక్యంలో దాటేస్తారు. నా దృష్టిలో మాత్రం ఆ ఇంటిని కాపాడినవాళ్లలో వీళ్లు ముందు వరసలో ఉంటారు. వానకు కారే కప్పు కింద, మనుషులు లేని గదుల పక్కన, ఆవులను సాకుతూ, పొయ్యి వెలిగిస్తూ బతికారు. మనిషి మసలని ఇల్లు ఎంత త్వరగా పాడవుతుందో మనకు తెలుసు.

19వ శతాబ్దం చివర్లో ఇల్లు ఎలిజబెత్ మోర్టన్ అనే ఆవిడకు వచ్చింది. ఆవిడ క్రైస్తవ సన్యాసిని. ప్రార్థన గదిలోంచి బొగ్గులు తీయించి మళ్లీ బాగుచేయించింది. లాంగ్ గ్యాలరీ ఇంకా వాలకుండా ఉక్కు కడ్డీలు వేయించింది కూడా ఆవిడే కావచ్చునంటారు. 1912లో ఇంటిని తన బంధువు చార్లెస్ అబ్రహాం అనే బిషప్‌కు రాసిచ్చింది, ఎప్పటికీ అమ్మకూడదన్న షరతుతో. ఆయన ఇంటిని జనానికి తెరిచాడు. మనిషికి ఆరు పెన్నీలు. ఆ డబ్బు డేల్ కుటుంబం తీసుకుని వచ్చినవాళ్లకు ఇల్లు చూపించేది. 1938లో ఆయన దాన్ని నేషనల్ ట్రస్ట్‌కు అప్పగించాడు. 1895లో పుట్టిన ఈ సంస్థ ప్రభుత్వానిది కాదు, సభ్యుల చందాలతో, టికెట్లతో, విరాళాలతో నడుస్తుంది. డేల్‌లు 1945 వరకు అక్కడే సేద్యం చేశారు, సుమారు 1955 వరకు ఇంటికి కాపలాగా ఉన్నారు. 1970ల చివర్లో కప్పు మీద రాతి పలకలు కదులుతున్నాయని తేలాక ఏళ్ల తరబడి మరమ్మతులు సాగాయి. చట్టం ప్రకారం ఆ ఇంటిది అన్నిటికంటే పై తరగతి, గ్రేడ్ 1. అనుమతి లేకుండా అందులో ఒక తలుపు మార్చడానికి వీల్లేదు.

ఒక సంగతి నాకు బాగా నచ్చింది. గ్యాలరీని నిటారుగా నిలబెట్టాలని వాళ్లు చూడలేదు. నాలుగు వందల ఏళ్లుగా వంగి ఆ వంపులోనే గట్టిపడిన ఓక్‌ను జాకీలు పెట్టి సరిచేయబోతే విరుగుతుంది. ఉన్న వంపును ఒప్పుకుని, ఇంకా ఎక్కువ కాకుండా పట్టి ఉంచారు. ఆ నిర్ణయం తీసుకున్నవాళ్లకు కలప తెలుసు.

సంపాదకులు గారూ, నేను ఇంత దూరం రాసింది ఇంగ్లిషువాళ్లను పొగడటానికి కాదు. వాళ్లూ 20వ శతాబ్దంలో ఇలాంటి పెద్ద ఇళ్లను వందల్లో పడగొట్టుకున్నారు. దెబ్బ తగిలాకే చట్టాలు గట్టిపడ్డాయి. నాకు బాధ కలిగించింది మన సంగతి. గోదావరి జిల్లాల్లో నాకు తెలిసిన మండువా ఇళ్లు ఒక్కొక్కటే పోతున్నాయి. అన్నదమ్ముల వాటాలు తేలక కొన్ని, కప్పు కారితే బాగుచేసే పనివాళ్లు లేక కొన్ని. మా తాతగారు వడ్రంగం చేసిన ఒక ఇల్లు అలాగే పోయింది. నేను వెళ్లేసరికి దూలాలు లారీ ఎక్కాయి. చెక్కిన ద్వారబంధాన్ని ఎవరో పాత సామాన్ల వ్యాపారి కొనుక్కుపోయాడని చెప్పారు. ఏ హోటల్ ముందు పెట్టారో, దాన్ని చెక్కింది ఎవరని ఎవరైనా అడిగితే ఏం చెబుతున్నారో! ఆ గుమ్మం మీద లతలున్నాయి, చిలకలున్నాయి. చేసినవాడి పేరు లేదు. ఆ రోజుల్లో మా వాళ్లు రాసుకోలేదు, రాసుకోమని ఎవరూ అనలేదు.

అందుకే నాదొక విన్నపం. మీ పేజీలో ఇంగ్లండ్ ఇళ్లు వేయండి, వద్దనను. వేసినప్పుడు ఏ కలప, ఏ రాయి, ఎన్నేళ్లు, ఎవరి చేతి పని అని నాలుగు వాక్యాలు కలపండి. అలాగే మన ఊళ్లలో ఇంకా నిలిచి ఉన్న పాత ఇళ్ల ఫొటోలు పంపమని పాఠకులను అడగండి. ఫొటోతోపాటు ఇంటి యజమాని పేరు ఎలాగూ రాస్తారు. ఆ ఇంటి వడ్రంగి ఎవరు, తాపీమేస్త్రి ఎవరు, వాళ్లది ఏ ఊరు అని కూడా అడగండి. ఇంట్లో ముసలివాళ్లు ఉంటే ఇప్పటికైనా చెప్పగలరు. ఇంకో పదేళ్లు పోతే చెప్పేవాళ్లుండరు.

మా తాతగారు, నాన్నగారు పనిచేసిన ఇళ్ల పేర్లు నాన్నగారి కూలి లెక్కల పుస్తకంలో ఉన్నాయి. ఊరు, ఇంటివారు, ఏ గదికి ఏ కలప, ఎన్ని తలుపులు, ఎంత ఇచ్చారు అన్నీ ఆయన రాసి పెట్టారు. వాటిలో ఏవి ఇంకా నిలిచి ఉన్నాయో ఊరికి తిరిగి రాగానే వెళ్లి చూసి, ఫొటోలు తీయించి పంపుతాను. మీరు శీర్షిక మొదలుపెడితే మొదటి ఫొటో మాది కావాలని నా కోరిక.

ఇట్లు,
విశ్రాంత వడ్రంగం ఇన్‌స్ట్రక్టర్,
పాలకొల్లు (ప్రస్తుతం మాంచెస్టర్)